మా నాయనమ్మకు నచ్చిన జరాసంధుడు

చాప్లిన్ కంటే ముందు మూకీల్లో చెప్పుకోదగ్గ కమెడియన్లు ఉన్నారా అని అడిగారు. ఎందుకు లేరండీ? చాప్లిన్ మొదటి సినిమా 1914లో వచ్చింది. అప్పటికి ఎనిమిదేళ్లుగా ఆంద్రే డీడ్ అనే ఫ్రెంచాయన జనాన్ని నవ్విస్తూనే ఉన్నాడు. మ్యూజిక్ హాళ్లలో పాటలు పాడి, పల్టీలు కొట్టి, ట్రిక్ సినిమాలు తీసే జార్జ్ మెలియెస్ దగ్గర వేషాలు వేసి, 1906లో పాతే అనే ఫ్రెంచి సినిమా కంపెనీలో బువారో అనే పాత్రతో పైకొచ్చాడు. తర్వాత ఇటలీలో, ట్యూరిన్‌లోని ఇటాలా సినిమా కంపెనీ ఎగరేసుకుపోయింది. అక్కడ ఆయన పేరు క్రెటినెట్టి, అంటే మన వెర్రివెంగళప్ప అనుకోండి. ఇంగ్లండ్‌లో ఫూల్స్‌హెడ్, స్పెయిన్‌లో టొరీబియో. ఇలా దేశానికో పేరు పెడితే అసలు పేరు ఎవరికి గుర్తుంటుంది? ఆయన్ని మర్చిపోవడానికి సగం కారణం ఇదే.

మా నాయనమ్మకు వినపడదు. చెవి మిషన్ పెట్టుకోమంటే గుయ్యిమంటోందని తీసి దిండు కింద దాస్తుంది. సీరియల్ పెడితే నిమిషానికోసారి "ఏమంటోందిరా అది?" అని నా ప్రాణం తీస్తుంది. ఒకరోజు విసుగొచ్చి ఫోన్‌లో 1909 నాటి క్రెటినెట్టి సినిమా పెట్టిచ్చాను. అందులో ఈయన టిప్‌టాప్‌గా తయారై బయటికొస్తాడు. ఆడవాళ్లంతా అందగాడని వెంటపడి, దొరకబుచ్చుకుని, ముక్కలు ముక్కలుగా పీకేస్తారు. వాళ్లు పోయాక కాళ్లూ చేతులూ నేలమీద వాటంతటవే కదిలి అతుక్కుంటాయి. నాయనమ్మ ఫోన్ ముక్కు దగ్గరకు తెచ్చుకుని, "ఒరేయ్, వీడు జరాసంధుడురా!" అని కళ్లనీళ్లొచ్చేలా నవ్వింది. ఆ ఇంట్లో ఆమె ఎవర్నీ ఏమీ అడక్కుండా చూసిన మొదటి సినిమా అదే. నన్నడిగితే మాటలొచ్చాకే సినిమా కొందరికి మూగబోయింది.

ఇంకో సంగతి. ఈ పాత మూకీలు ఆన్‌లైన్‌లో పెట్టేవాళ్లకు దండం పెట్టాలి. సెకనుకు 16 ఫ్రేములకు అటూఇటూగా తీసినదాన్ని 24తో పరిగెత్తిస్తారు, పైగా చెవులు చిల్లులుపడేలా పియానో ఒకటి. మనుషులు చీమల్లా ఉరుకుతుంటే పాతవాళ్లకు నటన రాదని మన తీర్పు! ఆ ఒక్క విషయంలో మా నాయనమ్మ అదృష్టవంతురాలు, పియానో బాధ లేదు.

డీడ్ 1921లో ఇనప మరమనిషితో ఓ సినిమా కూడా తీశాడు. ఇప్పుడు మిగిలింది అరగంట లోపే. చివర్లో రెండు మరమనుషులు కొట్టుకుంటాయి. అదీ పెట్టాను. పది నిమిషాలకే నిద్రపోయింది.