సీలింగ్ పట్టాగా వచ్చిన రెండెకరాలు అమ్ముకోవచ్చా?

ప్రశ్న: మాది నల్గొండ జిల్లా. భూసంస్కరణల కాలంలో మా నాన్నకు సీలింగ్ మిగులు భూమిలో (పరిమితికి మించి ఉన్నవారి నుంచి ప్రభుత్వం తీసుకున్నది) రెండెకరాలకు పట్టా ఇచ్చారు. నాన్న మూడేళ్ల క్రితం చనిపోయారు. వారసులం అమ్మ, తమ్ముడు, నేను. సాగు చేస్తున్నది నేనే, వయసు 44. ఒక మధ్యవర్తి నోటరీ కాగితం మీద ఎకరం 12 లక్షలకు అడుగుతున్నాడు. 20 ఏళ్లు దాటితే అమ్ముకోవచ్చని చట్టం వచ్చిందంటున్నాడు. పక్కన మామూలు పట్టా భూమి ఎకరం 40 లక్షలు పలుకుతోంది. తమ్ముడు ఇప్పటికే 50,000 బయానా తీసుకున్నాడు. నాకు నూటికి రెండు రూపాయల వడ్డీకి తెచ్చిన 3 లక్షల అప్పుంది. అమ్మాయి నర్సింగులో చేరాలి. అమ్మమంటారా?

జవాబు: అమ్మవద్దు. మీ ఇంటి అవసరం చిన్నదని కాదు, ఆ అవసరానికి ఈ భూమి చాలా పెద్ద మూల్యం.

ముందు ఆ 20 ఏళ్ల మాట సంగతి. అది ఆంధ్రప్రదేశ్ 2023లో తన చట్టానికి చేసుకున్న సవరణ. అక్కడ కూడా అక్రమాలు బయటపడటంతో 2024లో ఆ భూముల రిజిస్ట్రేషన్లు ఆపి విచారణ మొదలుపెట్టారు. మీది తెలంగాణ. మీకు వర్తించేది 1977 నాటి అసైన్డ్ భూముల, అంటే ప్రభుత్వం పేదలకు ఇచ్చిన భూముల, బదలాయింపు నిషేధ చట్టం. సీలింగ్ మిగులు భూమి కూడా దాని కిందికే వస్తుంది. అమ్మకం చెల్లదు, రిజిస్ట్రేషన్ జరగదు. అందుకే మధ్యవర్తి నోటరీ కాగితం అంటున్నాడు.

అమ్మారనుకుందాం. తహసీల్దారు ఆ భూమిని వెనక్కి తీసుకోవచ్చు. చట్టం దాన్ని అసలు పట్టాదారుకో, వారసులకో తిరిగి ఇస్తుంది, కానీ ఒక్కసారే. మళ్లీ అమ్మితే ప్రభుత్వం మరో పేద కుటుంబానికి ఇచ్చేస్తుంది. ఈలోగా కొన్నవాడు డబ్బు కోసం మీ గడప తొక్కుతాడు. అప్పటికి ఆ సొమ్ము ఫీజులకూ అప్పులకూ ఖర్చయిపోయి ఉంటుంది.

ఇక లెక్క. రెండెకరాలకు 24 లక్షలు, ముగ్గురికి పంచితే మీ చేతికి 8 లక్షలు. పక్కన 40 లక్షలు పలికే నేల మీ దగ్గర 12 లక్షలకు దిగడానికి కారణం మట్టి కాదు, అమ్మే హక్కు లేదన్న మీ భయం. నేను బాధపడేది ఇక్కడే. ఎందుకంటే మీకున్న పెద్ద హక్కు గురించి మధ్యవర్తి చెప్పడు. రేపు రోడ్డుకో, కాలువకో ప్రభుత్వం ఈ భూమిని తీసుకుంటే, అసైన్డ్ భూమి గనుక తక్కువ ఇస్తామంటే కుదరదు. పట్టా భూమితో సమానంగా మార్కెట్ విలువ చెల్లించాల్సిందేనని ఉమ్మడి రాష్ట్ర హైకోర్టు విస్తృత ధర్మాసనం 2004లో మేకల పాండు కేసులో చెప్పింది. 12 లక్షలకు వదులుకుంటే ఆ పరిహారం కోసం రేపు నిలబడేది మీరు కాదు.

మీరు ఈ వారమే చేయాల్సిన పని విరాసత్, అంటే భూమిని వారసుల పేరున మార్పించుకోవడం. మీ నాన్న పేరునే పాస్‌బుక్ ఉంటే మూడేళ్లుగా మీరు నష్టపోతున్నట్టే. ఈ భూమి అమ్మకానికి పనికిరాదు గానీ వారసత్వంగా వస్తుంది. మరణ ధ్రువపత్రం, కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, పాత పట్టా కాగితంతో తెలంగాణ భూ రికార్డుల పోర్టల్ భూ భారతిలో దరఖాస్తు పెట్టండి. సాగు మీదే కాబట్టి అమ్మతో, తమ్ముడితో కూర్చుని మాట్లాడి, కనీసం ఒక భాగమైనా మీ పేరున ఎక్కేలా చూసుకోండి. పట్టాదారు అయితేనే ప్రభుత్వ పెట్టుబడి సాయం రైతు భరోసా వస్తుంది. 2025 నుంచి ఎకరాకు ఏడాదికి 12,000. అంతకన్నా ముఖ్యం రైతు బీమా. 18 నుంచి 59 ఏళ్ల మధ్య పట్టాదారు చనిపోతే కుటుంబానికి 5 లక్షలు. చదువుకునే కూతురున్న తల్లికి ఇది చిన్న విషయం కాదు.

అప్పు సంగతి. 3 లక్షలకు నెలకు 6,000, ఏడాదికి 72,000 వడ్డీకే పోతోంది. ఇంట్లో బంగారం ఉంటే బ్యాంకులో కుదువ పెట్టి ఈ అప్పు తీర్చేయండి. ఏడాదికి 10 శాతం పడినా వడ్డీ 30,000. మిగిలే 42,000తో అసలు తగ్గించండి, గాజులు త్వరగా ఇంటికొస్తాయి. పాస్‌బుక్ మీ పేరున వచ్చాక పంట రుణం తీసుకోండి. బ్యాంకుకు తనఖా పెట్టడాన్ని 1977 చట్టం అడ్డుకోదు. 3 లక్షల లోపు పంట రుణం గడువులోగా కడితే వడ్డీ 4 శాతమే. అయితే దాన్ని పంటకే వాడండి, పెట్టుబడికి మళ్లీ వడ్డీ వ్యాపారి దగ్గరకు వెళ్లే పని తప్పుతుంది. అమ్మాయి చదువుకు విద్యా రుణం ఉంది. 4 లక్షల వరకు బ్యాంకు తనఖా అడగకూడదు. కాలేజీకి గుర్తింపు ఉందో లేదో మాత్రం చేరకముందే చూసుకోండి.

తమ్ముడి మీద కోపం వద్దు, ఆయనకూ ఏదో అవసరం ఉండే ఉంటుంది. కానీ ఆ 50,000 బ్యాంకు ఖాతా ద్వారానే తిరిగి పంపించండి. రాసుకున్న కాగితం అసలు ప్రతి వెనక్కి తీసుకుని, డబ్బు ముట్టినట్టు మధ్యవర్తి చేత సంతకం చేయించుకోండి. మీ నాన్న పట్టా కాగితం మధ్యవర్తి చేతిలో ఉంటే, ముందు అది ఇంటికి తెచ్చుకోండి.