పేద పిల్లలకు వారాంతంలో ఏ సబ్జెక్టు చెప్పాలి?

వారానికి రెండు గంటల ఖాళీ ఉందని, పేద కుటుంబాల పిల్లలకు ఉచితంగా చదువు చెప్పాలని ఉందని, లెక్కలతో మొదలుపెట్టాలా ఇంగ్లీషుతోనా అని మీరు అడిగారు. ఈ పనిలో కొన్నేళ్లుగా ఉన్నవాడిగా నా అభిప్రాయం ఒక్కటే: సబ్జెక్టు ఏదైనా ఫరవాలేదు, పిల్లలు అసలు ఎక్కడ ఆగిపోయారో కనిపెట్టడమే మొదటి నెలంతా మీ పని.

మా దగ్గరికి వచ్చే ఏడో తరగతి అమ్మాయి నోటుబుక్కులో ఒక్క కొట్టివేత కూడా ఉండేది కాదు, ఎందుకంటే అంతకుముందు వచ్చిన వాలంటీర్లు బీజగణితం హోంవర్కును దగ్గరుండి పూర్తిచేయించి పంపేవారు. ఒకనాడు ఆ పుస్తకం మూయించి 52లోంచి 37 తీసివేయమన్నాను. తడుముకోకుండా 25 అని రాసింది. రెండులోంచి ఏడు పోదు కాబట్టి ఏడులోంచే రెండు తీసేయాలన్న సూత్రాన్ని తనంతట తానే కల్పించుకుని, దానితోనే తరగతులు దాటుకుంటూ వచ్చింది. పుల్లలను పదేసి చొప్పున కట్టలు కట్టి, ఒక కట్ట విప్పి, పక్క స్థానం నుంచి అప్పు తెచ్చుకోవడమంటే ఏమిటో చూపించాక, చాలాసేపు వాటినే చూసి, "మరి ఇన్నాళ్లూ నా లెక్కలకు రైట్లు ఎందుకు పెట్టారు సార్?" అని అడిగింది. నా దగ్గర జవాబు లేదు.

తరగతిని బట్టి కాక, పిల్లల స్థాయిని బట్టి గుంపులు చేసి బోధించే పద్ధతిని ప్రథమ్ అనే స్వచ్ఛంద విద్యా సంస్థ ఎప్పటినుంచో నడుపుతోంది. 2019లో నోబెల్ బహుమతి పంచుకున్న ఆర్థికవేత్తలు అభిజిత్ బెనర్జీ, ఎస్తేర్ డఫ్లో ఆ సంస్థ కార్యక్రమాలను క్షేత్రస్థాయిలో పరీక్షించి, ఫలితం ఉందని చూపించారు. అయినా కొత్తగా వచ్చే ప్రతి వాలంటీరూ ముందు తరగతి ఎంతని అడిగి, పాఠ్యపుస్తకమే తెరుస్తాడు.

ఇక నాలుగు వారాలు వచ్చి, పిల్లలతో ఫోటోలు దిగి, చెప్పకుండా మాయమయ్యేవారి గురించి ఎంత చెప్పినా తక్కువే. గ్రాస్‌మన్, రోడ్స్ అనే పరిశోధకులు 2002లో ప్రచురించిన అధ్యయనంలో, ఏడాదికి పైగా తోడుండి దారిచూపిన పెద్దల (మెంటర్ల) వల్ల పిల్లలు ఎక్కువగా లాభపడ్డారని, మూడు నెలల లోపే తెగిపోయిన సంబంధాల్లో పిల్లలకు తమపై తమకున్న గౌరవం తగ్గిందని తేలింది. అంటే మధ్యలో మానేసేవారు ఊరకే పోవడం లేదు, ఉన్నదాన్ని కూడా పాడుచేసి పోతున్నారు. కాబట్టి ఏడాది నిలబడలేననుకుంటే పిల్లలను నేరుగా తీసుకోకండి. స్థాయి పరీక్షల కోసం ప్రశ్నపత్రాలు తయారుచేసి ఇవ్వండి, వాటికి మా దగ్గర ఎప్పుడూ కొరతే.