దర్శకత్వ శాఖ మనిషి కథ రాసిన తమ్ముడికి

విశాఖపట్నం

తమ్ముడూ,

సినిమా దర్శకత్వ శాఖలో, అంటే డైరెక్టరుకి సహాయకుడిగా, పనిచేసిన మీ మావయ్య మీద నువ్వు రాసిన కథ అందింది. భాష బాగుంది. కానీ రెండో పేజీలోనే చిరాకేసింది. ఆర్‌.కె. బీచ్‌లో కూర్చున్న మీ మావయ్య ఎదురుగా సూర్యుడు సముద్రంలోకి దిగిపోయాడని రాశావు. మన విశాఖలో సూర్యుడు సముద్రంలోంచి వస్తాడు, కొండల వెనక్కి పోతాడు. రోజూ కళ్లెదుట ఉన్నది వదిలేసి తెరమీద చూసింది రాస్తే ఎలా? దర్శకత్వ శాఖలో ముప్పై ఏళ్లు పనిచేసినాయనకి ఇది తెలియకుండా ఉంటుందా? సాయంత్రం ఇసక మీద లైటు త్వరగా పడిపోతుందనీ, బీచ్ సీనుంటే తెల్లారకముందే యూనిట్‌ని దించాలనీ ఆయన నిద్రలో కూడా చెబుతాడు.

అసలు నా గొడవ ఇదే. 'ఓడిపోయాడు' అని నాలుగు చోట్ల రాశావు, ఏం పని చేశాడో ఒక్కచోటా రాయలేదు. సీను సగం ఇవాళ, మిగతాది పది రోజులాగి తీస్తే హీరో చొక్కా చేతులు ఎంతవరకు మడిచాడో, గ్లాసులో నీళ్లెన్ని ఉన్నాయో కంటిన్యుటీ రాసి పెట్టుకునేది ఆయనే. కెమెరా పక్కన నిలబడి ప్రాంప్టింగ్ చెప్పేదీ, అంటే నటులకి డైలాగు అందించేదీ ఆయనే. పోస్ట్‌మాన్ వేషానికి రావలసినవాడు రాకపోతే, డైలాగు నోటికొచ్చు కనక ఆయనకే ఖాకీ చొక్కా తొడుగుతారు. చిన్న వేషాలు అలా వస్తాయి. నువ్వేమో 'విధి' అన్నావు.

శ్రీకాకుళంలో పెరిగిన రావి కొండలరావు గారు దర్శకత్వ శాఖలో చేశారు, 'విజయచిత్ర' సినిమా పత్రికలో పనిచేశారు, నాటకాలు రాశారు, వందల సినిమాల్లో చిన్నా పెద్దా వేషాలు వేశారు. ఆ బతుకుని ఓటమి అనడానికి నోరెలా వస్తుంది?

నా తొలిరోజుల్లో ఫిషింగ్ హార్బర్‌లో వలలు బాగుచేసే మనిషి మీద కథ రాస్తే, 'పని వివరాలు తీసేసి కన్నీళ్లు పెంచండి' అని ఒక వారపత్రిక ఎడిటరు తిప్పి పంపాడు. నేను తీయలేదు. కథ ఏళ్ల తరబడి పెట్టెలోనే ఉండిపోయింది. ఇప్పటికీ తలుచుకుంటే ఒళ్లు మండుతుంది. ఇప్పటి పత్రికలవాళ్లకి కన్నీళ్లు పోయి 'అస్తిత్వ వేదన' కావాలి. పని మాత్రం ఎవరికీ అక్కర్లేదు.

ఒక్కచోట నన్ను కట్టిపడేశావు. టీవీలో తన సీను వస్తుంటే మావయ్య తన మొహం చూసుకోడు, వెనక గోడ గడియారంలో టైము సరిపోయిందో లేదో చూస్తాడు. కథ అక్కడ మొదలుపెట్టు. ఆయన దగ్గర కూర్చుని షూటింగుల్లో రోజు ఖర్చులకిచ్చే బేటా ఎంతిచ్చేవారో, ఇంటికెంత పంపేవాడో, ఎవరు ఎగ్గొట్టారో అడుగు. తిరగరాసి పంపు. శీర్షిక సంగతి అప్పుడు చూద్దాం.