లక్ష అప్పుకు రెండు లక్షల పదహారు వేలు

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

మీరు ఇల్లు చూసుకున్నారనీ, నీ జీతానికి ఈఎంఐ సరిపోతుందని అప్పిచ్చేవారు చెప్పారనీ, సంతకాలు పెట్టేముందు నా మాట ఒకటి వినాలనుకుంటున్నావనీ అక్కయ్య చెప్పింది. ఫోనులో చెబితే అంకెలు చెవిన నిలవవు. కాగితం మీద ఉంటే ఒక్కొక్కదాని మీద వేలు పెట్టి చూసుకోవచ్చు. అందుకే రాస్తున్నాను. ఇల్లు ఎలా ఉందన్నది మీ ఇద్దరి ఇష్టానికి సంబంధించిన సంగతి, అందులో నేను తలదూర్చను. అప్పు గురించి మాత్రం నేను చేతులు కాల్చుకుని నేర్చుకున్నది ఉంది కనుక చెబుతాను.

ఈఎంఐ కట్టగలనా అని నీవు లెక్క చూసుకున్నావు. అవసరమైన లెక్కే, కానీ అది ఒక నెలకు వేసుకునే లెక్క. నీవు తీసుకుంటున్నది ఇరవై ఏళ్ల అప్పు. ఆ ఇరవై ఏళ్లలో మొత్తం ఎంత కడతావో నిన్ను కూర్చోబెట్టి చెప్పేవారు అరుదు, ఎందుకంటే ఆ అంకె వినగానే ఎవరికైనా కలం ఒక్క క్షణం ఆగుతుంది.

లెక్క తేలికగా ఉండేందుకు అప్పు ఒక లక్ష అనుకుందాం. నీది ఎన్ని లక్షలైతే అన్ని రెట్లు చేసుకో. 9 శాతం వడ్డీకి, 20 ఏళ్ల గడువుకు, నెలనెలా తగ్గే అసలు మీద వడ్డీ కట్టే పద్ధతిలో ఈఎంఐ దాదాపు 900 అవుతుంది. దానిని 240 నెలలతో హెచ్చిస్తే 2,16,000. లక్ష తీసుకుని, లక్ష తిరిగి ఇచ్చి, పైన మరో లక్షా పదహారు వేలు వడ్డీగా ఇస్తున్నావన్నమాట. ఇందులో మోసమేమీ లేదు, వడ్డీ లెక్క సక్రమమైనదే. ఇంటికి ఎంత పెడుతున్నావని ఎవరైనా అడిగితే విక్రయ పత్రంలోని ధర ఒక్కటే చెప్పే అలవాటు మనకు ఉంది; ఆ పక్కనే ఈ రెండో అంకెను కూడా రాసుకోమని నా మనవి.

ఇక ఆ వడ్డీ ఎప్పుడు పోతుందో చూడు. అప్పు ఇచ్చేవారిని చెల్లింపుల పట్టిక అడిగి తీసుకో. 240 వరుసలు ఉంటాయి, ప్రతి వరుసలోనూ ఆ నెల వడ్డీ, అసలుకు జమ అయినది, మిగిలిన బాకీ అని మూడు గళ్లు ఉంటాయి. మొదటి వరుసలో నీవు కట్టిన 900లో 750 వడ్డీకి పోయి 150 మాత్రమే అసలుకు జమ అవుతుంది. రెండో వరుసలో 151. అలా నెలకు ఒకటీ అరా చొప్పున అసలు గడి పెరుగుతూ, వడ్డీ గడి తగ్గుతూ పోతుంది. అరవయ్యో వరుస దగ్గర ఆగి చూడు. అయిదేళ్లు ఒక్క నెల కూడా తప్పకుండా 54,000 కట్టి ఉంటావు, కానీ బాకీ 88,700 దగ్గర ఉంటుంది. సగం గడువు, అంటే పదేళ్లు గడిచేనాటికి బాకీ ఇంకా 71,000. కట్టే సొమ్ములో వడ్డీని అసలు మించేది పదమూడో ఏట, అప్పు సగానికి దిగేది పద్నాలుగేళ్లు నిండేనాటికి. ఉద్యోగం మారి అయిదో ఏట ఇల్లు అమ్ముకోవలసి వస్తే, అయిదేళ్లుగా కడుతున్నాం కదా, నాలుగో వంతు తీరిపోయి ఉంటుందని అనుకుంటాం. తీరేది పదకొండు శాతమే. ఇంటి ధర అప్పటికి పెరగకపోతే, అమ్మకపు ఖర్చులు పోగా చేతికి వచ్చేది ఏమిటో ఇప్పుడే ఊహించుకో.

గడువు పెంచితే ఈఎంఐ తగ్గుతుందని నీకు తప్పకుండా చెబుతారు, బహుశా ఇప్పటికే చెప్పి ఉంటారు. నిజమే, తగ్గుతుంది. అదే లక్షకు, అదే 9 శాతానికి గడువును 30 ఏళ్లు చేస్తే ఈఎంఐ 900 నుంచి 805కు దిగుతుంది. నెలకు 95 మిగులుతుంది, మొత్తం వడ్డీ మాత్రం 1,16,000 నుంచి దాదాపు 1,90,000కు ఎగబాకుతుంది. అటువైపు 15 ఏళ్లకు కుదించుకుంటే ఈఎంఐ 1,014 అవుతుంది, వడ్డీ 82,600తో తెగుతుంది. వడ్డీ రేటులో అర శాతం తగ్గించమని వారం రోజులు బేరమాడేవారిని చూశాను, తప్పేమీ లేదు. 9కి బదులు 8.5 వస్తే 20 ఏళ్లలో లక్షకు 7,600 పైచిలుకు మిగులుతుంది. అంత బేరమాడినవారే గడువు గడిలో అప్పిచ్చేవారు రాసిన అంకెను చూడనైనా చూడకుండా సంతకం పెడతారు. నన్నడిగితే రేటు కోసం పడే శ్రమలో సగమైనా గడువు మీద పెట్టాలి.

నా సంగతి ఇప్పుడు చెబుతాను, దీనిని మీ అత్తయ్య ముందు ప్రస్తావించకు. నేను తీసుకున్నది పదిహేనేళ్ల అప్పు, మారే వడ్డీది. తీసుకున్న కొన్నాళ్లకు రేట్లు పెరగడం మొదలై విడతలు విడతలుగా మూడు శాతం మేర పెరిగాయి. నా ఈఎంఐలో మాత్రం ఒక్క అంకె కూడా మారలేదు. నేను మంచి ఖాతాదారుణ్ని కనుక నా జోలికి రాలేదని కొంతకాలం మురిసిపోయాను కూడా. మధ్యమధ్య వచ్చిన ఉత్తరాలను విప్పి, పైన తేదీ చూసి, రంధ్రాలు పొడిచి ఫైలులో పెట్టేవాణ్ని. ఏడేళ్లు కట్టిన తరువాత చేతికి కొంత సొమ్ము వచ్చి, ఇంకెంత బాకీ ఉందో కనుక్కుందామని వెళితే అక్కడి గుమాస్తా స్టేట్‌మెంటు తీసి ఇచ్చాడు. ఎనిమిదేళ్లు మిగిలి ఉండవలసిన చోట పదమూడేళ్ల పైచిలుకు ఉంది. పెరిగిన వడ్డీని ఈఎంఐలో చూపకుండా గడువులో కలుపుతూ పోయారు. ఇంటికి వచ్చి ఫైలు తీస్తే ప్రతి ఉత్తరంలోనూ మూడో పేరాలో ఆ సంగతి ఉంది. దాచినవారు ఎవరూ లేరు, చదవనివాణ్ని నేను.

నీ లెక్కకే దీనిని అన్వయించి చూపిస్తాను. లక్షకు 900 కట్టేవాడికి తొలిరోజుల్లోనే రేటు 9 నుంచి 10కి పెరిగి, ఈఎంఐ అలాగే ఉంచితే, 240 నెలల అప్పు 314 నెలలకు సాగుతుంది, ఆరేళ్లు అదనం. రేటు 10.8కి చేరితే లక్ష మీద ఒక నెల వడ్డీయే 900. అప్పుడు నీవు కట్టినదంతా వడ్డీకే సరిపోయి, అసలు ఉన్నచోటనే ఉండిపోతుంది. ఇంకా పెరిగితే బాకీయే పెరుగుతుంది. కనుక మారే వడ్డీ తీసుకునేటట్లయితే, రేటు రెండు శాతం పెరిగినా ఆ మేరకు పెరిగిన ఈఎంఐని మోయగలవా అని ఇప్పుడే చూసుకో. 9 నుంచి 11కి పెరిగితే లక్షకు 900 ఉన్నది దాదాపు 1,032 అవుతుంది. మోయలేననిపిస్తే అప్పు కొంత తగ్గించుకో. పెరిగినప్పుడు ఈఎంఐ పెంచుతారా, గడువు పెంచుతారా, ఆ నిర్ణయం నీదా వారిదా అన్నది ఒప్పందంలో చదివి తెలుసుకో. స్థిర వడ్డీ అన్నా అది గడువంతటికీ స్థిరమా, మొదటి కొన్నేళ్లకేనా అన్నది అడగవలసిందే.

ముందస్తు చెల్లింపు విషయంలో కొంచెం నిదానంగా రాస్తాను, నీకు నిజంగా లాభం చేకూర్చేది ఇదే. మొదటి ఏడాది చివర నీ లక్ష అప్పు మీద 10,000 అదనంగా కట్టావనుకో. ఈఎంఐని కదపకుండా గడువును తగ్గించమంటే మిగిలిన 228 నెలలు దాదాపు 178కి దిగుతాయి. పదివేలు కట్టి యాభై ఈఎంఐలు తప్పించుకున్నావు, వడ్డీలో మిగిలినది 35,000 పైమాటే. అదే పదివేలు కట్టి, గడువు అలాగే ఉంచి ఈఎంఐ తగ్గించమంటే మిగిలేది దాదాపు 10,900. సొమ్ము అదే, కట్టిన రోజూ అదే. దరఖాస్తులో ఏ గడిలో టిక్కు పెట్టావన్న దాని మీద ఇంత తేడా వస్తుంది. ఏమీ చెప్పకపోతే వారే ఏదో ఒకటి ఎంచుకుంటారు, కనుక రాతపూర్వకంగా చెప్పు. ఇంకో సంగతి, ఈ పదివేలే పదిహేనేళ్ల తరువాత కడితే మిగిలే వడ్డీ 5,000 కూడా ఉండదు. చేతిలో నాలుగు రాళ్లు ఆడేది నడివయసు దాటాకే కనుక చాలామంది అప్పుడే కడతారు, అప్పటికి పట్టికలో వడ్డీ గడి ఖాళీ అయిపోతూ ఉంటుంది.

పెద్ద మొత్తం కుదరకపోతే ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టు. ఇరవై ఏళ్ల అప్పు దాదాపు పదహారున్నర ఏళ్లకే తీరుతుంది. అయితే ముందుగా కడితే రుసుము ఏమైనా ఉందో లేదో చూసుకో. ఉన్న పొదుపంతా ఊడ్చి అప్పుకు కట్టేయకు. అయిదారు నెలల ఇంటి ఖర్చు, ఈఎంఐ కలిపి పక్కన ఉంచుకోవాలి, లేదంటే ఒక జబ్బు చేసినా ఉద్యోగం పోయినా ఇంతకంటే ఎక్కువ వడ్డీకి బయట అప్పు చేస్తావు. క్రెడిట్ కార్డు బాకీ ఉంటే అది ముందు తీర్చు.

కొన్నేళ్లకు మరెవరో తక్కువ వడ్డీకి నీ అప్పును మార్చుకుంటామని వస్తారు. అయిదేళ్ల తరువాత 88,700 బాకీని 8.5 శాతానికి మార్చుకున్నావనుకో. వారు దానిని మళ్లీ 20 ఏళ్లకు పరిచి, ఈఎంఐ 900 నుంచి 770కి తగ్గిందని చూపిస్తారు. పాత అప్పులోనే ఉండి ఉంటే ఇక 1,62,000 కట్టి బయటపడేవాడివి, కొత్త అప్పులో 1,84,700 కడతావు. రేటు తగ్గింది, ఖర్చు పెరిగింది. మారాలనుకుంటే మిగిలిన పదిహేనేళ్లకే మారు. అప్పుడు లక్షకు 4,700 దాకా మిగులుతుంది, అందులోంచి మార్పిడి ఫీజులు తీసేయగా ఏమైనా ఉంటే ఆ మార్పు మంచిదే.

చిల్లర ఖర్చులనిపించేవి కొన్ని ఉన్నాయి. ప్రాసెసింగ్ ఫీజు, న్యాయవాది రుసుము, ఇంటి విలువ కట్టేవారి రుసుము, రిజిస్ట్రేషను, బీమా. వీటిలో వేటినైనా అప్పులోనే కలిపేస్తామంటే వద్దని చెప్పి చేతి నుంచి కట్టు. అప్పులో కలిసిన ప్రతి వెయ్యి ఇరవై ఏళ్లలో 2,160 అవుతుంది. ముఖ్యంగా బీమా అవసరమే కానీ, ఒకేసారి కట్టే ప్రీమియంను అసలులో కలిపితే బీమాకు కూడా వడ్డీ కట్టినవాడివి అవుతావు. ఇల్లు ఇంకా కట్టడంలో ఉంటే మరొక చిక్కు ఉంది. సొమ్మును దశలవారీగా విడుదల చేస్తూ, విడుదలైన దాని మీద వడ్డీ మాత్రమే వసూలు చేసే పద్ధతిలో ఆ నెలలన్నీ కట్టినది అసలులో ఒక్క అంకెనూ తగ్గించదు. నిర్మాణం ఏడాది ఆలస్యమైతే ఏడాది వడ్డీ, దాని పక్కనే నీవు ఉంటున్న ఇంటి అద్దె, రెండూ నీవే మోస్తావు. వడ్డీని నెలనెలా తగ్గే బాకీ మీద లెక్కిస్తారా, ఏడాదికోసారి తగ్గించే బాకీ మీదనా అన్నదీ అడుగు. ఏడాదికోసారి అయితే అదే 9 శాతానికి ఈఎంఐ 900 కాదు, 913.

ఇంత రాశానని అప్పే తీసుకోవద్దంటున్నానని అనుకోకు. ద్రవ్యోల్బణం ఏడాదికి 6 శాతం చొప్పున ఉంటే ఇరవయ్యో ఏట నీవు కట్టే 900కి నేటి లెక్కలో విలువ 300 దాటదు. జీతం పెరుగుతూ ఉంటే ఆ నాటికి ఈఎంఐ భారంగా తోచకపోవచ్చు. అద్దె ఇంట్లో ఉన్నా ఆ ఇరవై ఏళ్లూ అద్దె కడుతూనే ఉంటావు, అదీ ఏటా పెరిగేదే. కనుక కట్టే వడ్డీ అంతా నష్టమని నేను అనను. తప్పిన అద్దెను అందులోంచి తీసి చూడాలి, ఇంటి పన్ను, మరమ్మతులు, ముందుగా పెట్టిన సొంత సొమ్ము మీద వచ్చి ఉండే రాబడి కలిపి చూడాలి. ఆ లెక్కలో ఇల్లు కొనడమే మేలని తేలవచ్చు, కొన్నిచోట్ల తేలకపోవచ్చు.

సంతకాలను ఒక వారం వాయిదా వేయమని అడుగు. ఈలోగా 20 ఏళ్లకొకటి, 15 ఏళ్లకొకటి రెండు పట్టికలు తీసుకో. ఒక్కొక్కదానిలో అరవయ్యో వరుస కింద, నూట ఇరవయ్యో వరుస కింద పెన్సిల్‌తో గీత గీసి, మీ ఇద్దరూ చూసుకున్నాక నాకు పంపు. ఒప్పందంలో వడ్డీ మార్పు గురించి రాసిన పేజీని కూడా జత చేయి, ఈసారి ప్రతి పేరా చదువుతాను.

ఇట్లు,
మీ మామయ్య