ధ్రువాల గురించి రాస్తున్న తమ్ముడికి

విజయవాడ

తమ్ముడూ,

నీ వ్యాసం చదివాను. విదేశాంగ విధానం మీద, ధ్రువ ప్రాంతాల దౌత్యం మీద ఒక ప్రొఫెసర్ గారు రాసిన పుస్తకాల గురించి తెలుగులో రాయాలనుకోవడమే నాకు సంతోషం. కానీ చదివాక ఆయన ఎంత గొప్పవారో తెలిసింది గానీ, ఏం వాదించారో తెలియలేదు. 'విశిష్టమైన', 'లోతైన', 'సమగ్రమైన' అన్న మాటలన్నీ కొట్టెయ్. ఆ చోట ఒక ఏడాదినీ, ఒక నిర్ణయాన్నీ పెట్టు.

1983నే తీసుకో. అంటార్కిటికా విషయం ఐక్యరాజ్యసమితిలో చర్చించాలని 1956లోనే అడిగిన దేశం మనది. చిలీ, అర్జెంటీనా అడ్డుపడ్డాయి, చర్చ జరగలేదు. 1959లో వాషింగ్టన్‌లో 12 దేశాలు అంటార్కిటికా ఒప్పందం మీద సంతకాలు చేస్తే వాటిలో మనం లేం. 1983 మార్చిలో ఢిల్లీలో జరిగిన అలీన దేశాల సభ కూడా ఐక్యరాజ్యసమితి ఈ విషయాన్ని అధ్యయనం చేయాలంది. ఆ సభకు అధ్యక్షత మనదే. మరి అదే ఆగస్టులో మనం ఆ ఒప్పందంలో ఎందుకు చేరాం? సెప్టెంబరుకల్లా నిర్ణయాధికారమున్న సభ్యులమూ అయ్యాం. అటు మలేషియా మాత్రం ఆ ఒప్పందం కొద్ది దేశాల క్లబ్బని అప్పట్లో ఐక్యరాజ్యసమితిలో పోరాడుతూ ఉండేది.

నీ వ్యాసానికి గుండెకాయ ఈ ప్రశ్నే. అక్కడ గట్టిగా పరిశోధన చేసే దేశానికే నిర్ణయాల్లో చోటని ఒప్పందం చెబుతుంది. సముద్ర శాస్త్రవేత్త ఖాసిం గారి నాయకత్వంలో మన మొదటి బృందం 1982 జనవరిలోనే ఆ మంచు మీద దిగింది. అంటే సైన్సు ముందు వెళ్లింది, దౌత్యం వెనక నడిచింది. లోపలికి వెళ్లి మాట్లాడటమే సరైన పని అని నా అభిప్రాయం. నీకు వేరేగా అనిపిస్తే మొహమాటపడకు, కారణాలు చూపించి రాయి.

ఒప్పందం మూలం కూడా చదువు, ఉన్నవి 14 అధికరణాలే. నాలుగోది నిదానంగా చదవాలి. ఏడు దేశాలు అక్కడి నేల తమదంటున్నాయి. ఈ అధికరణం ఎవరి వాదననూ ఒప్పుకోదు, అలాగని కొట్టెయ్యదు. పొలం గట్టు తగాదా తేలకుండానే ఇరువైపులా సాగు చేసుకోవడం చూసిన గుంటూరు జిల్లా పాఠకుడికి ఇది ఇట్టే అర్థమవుతుంది.

ఉత్తర ధ్రువం చుట్టూ ఉన్న ఆర్కిటిక్‌ను ఇందులో కలిపేశావు, విడదియ్యి. అది సముద్రం, చుట్టూ సొంతదారులున్నారు. ఆ దేశాల వేదికైన ఆర్కిటిక్ మండలిలో 2013 నుంచి మనం పరిశీలకులం మాత్రమే.

'మనకెందుకయ్యా ఇవన్నీ?' అని ఎడిటర్ అడుగుతాడు, టెన్షన్ పడకు. అంటార్కిటికా మంచు కరిగితే సముద్రమట్టం పెరుగుతుంది, మన దివిసీమ సముద్రానికి ఎంతో ఎత్తున లేదు. అది ఒక్క పేరాలో చెప్పు, చాలు.

ముందు 1983 భాగం తిరగరాసి పంపు. పుస్తకాల పండగకు వచ్చినప్పుడు ఇంటికి రా. ఒప్పందం ప్రతి నా దగ్గరుంది, నాలుగో అధికరణం కలిసి చదువుదాం.

నీ శ్రేయోభిలాషి