జట్టును విమర్శిస్తే విలేకరికి పాసు దక్కుతుందా?

ప్రశ్న: డిగ్రీ చివరి సంవత్సరం చదువుతున్నాను. క్రికెట్ మీద రాయడం ఇష్టం. ఒక లీగ్ జట్టు మీడియా విభాగంలో ఉద్యోగం వచ్చేలా ఉంది. అందులో చేరి, తర్వాత క్రీడా విలేకరిగా మారవచ్చా? జట్లను విమర్శిస్తే మైదానంలోకి రానివ్వరని మిత్రులు అంటున్నారు. - ఒక విద్యార్థి, గుంటూరు

జవాబు: మీ మిత్రుల మాట అబద్ధం కాదు. ఇంగ్లండ్‌లో న్యూకాజిల్ యునైటెడ్ ఫుట్‌బాల్ క్లబ్బు 2013లో సొంత ఊరి పత్రికలనే నిషేధించింది. యజమానికి వ్యతిరేకంగా అభిమానులు తీసిన ఊరేగింపు గురించి రాయడమే వాటి నేరం. మాంచెస్టర్ యునైటెడ్ మేనేజర్ అలెక్స్ ఫెర్గూసన్ తన కొడుకు గురించి వచ్చిన కార్యక్రమంపై అలిగి, 2004 నుంచి 2011 వరకు బీబీసీకి ఇంటర్వ్యూ ఇవ్వలేదు. ఆ ఏడేళ్లూ బీబీసీ ఆ జట్టు ఆటను విశ్లేషిస్తూనే ఉంది.

మీరు ముందుగా చూసుకోవాల్సింది జీతం ఎవరిస్తారన్నది. జట్టు మీడియా విభాగమంటే ఆటగాళ్ల వీడియోలు, స్పాన్సర్ల ప్రకటనలు, విలేకరుల సమావేశాల ఏర్పాట్లు. మంచి పనే, కాకపోతే ప్రచారం పని. కెప్టెన్ బౌలింగ్ మార్పులు తప్పని అక్కడ రాయలేరు. టీవీ వ్యాఖ్యానంలోనూ పూర్తి స్వేచ్ఛ ఉందనుకోకండి. ఉస్మానియాలో ఇంజినీరింగ్ చదివిన మన హైదరాబాదీ హర్షా భోగ్లేను 2016 ఐపీఎల్‌కు ముందు వ్యాఖ్యాతల బృందం నుంచి తప్పించారు. కారణం ఆయనకే చెప్పలేదు.

విలేకరి కావాలన్నదే మీ కోరికైతే నేరుగా ఏదైనా పత్రిక డెస్కులో చేరండి. జట్టు లోపలి పనితీరు చూడాలనుంటే ఒక సీజన్ ఇంటర్న్‌షిప్ చాలు. ఆ తర్వాత కొంతకాలం ఆ జట్టు వార్తలు మాత్రం మీరు రాయకూడదు.

పాసు పోతుందన్న భయం నాకు కొంచెం అతిగానే అనిపిస్తుంది. హైదరాబాద్ క్రికెట్ సంఘం వ్యవహారాలు చూడటానికి సుప్రీంకోర్టు 2023లో జస్టిస్ ఎల్. నాగేశ్వరరావును నియమించింది. అలాంటి వార్తకు డ్రెస్సింగ్ రూమ్ పరిచయాలకన్నా కోర్టు ఉత్తర్వులు, లెక్కల పత్రాలు చదవగలగడం ముఖ్యం. ఆట మీద విమర్శకు స్కోరుకార్డు చాలు: చివరి ఓవర్లు ఎవరికిచ్చారు, ఎందుకిచ్చారు అని అడగండి. ఆటగాడి కుటుంబం జోలికి వెళ్లకండి. అచ్చుకు పంపేముందు జట్టు వివరణ అడిగి, ఇచ్చింది ఇచ్చినట్టే వేయండి. రంజీ మ్యాచ్‌లకు వెళ్లండి. అక్కడ విలేకరుల రద్దీ ఉండదు, ఆటగాళ్లు తీరిగ్గా మాట్లాడతారు.

జట్టు ఉద్యోగానికే మొగ్గితే, సంతకానికి ముందు బయట రాయడం గురించి, సొంత సోషల్ మీడియా ఖాతా గురించి ఒప్పందంలో ఏ షరతులున్నాయో చదవండి. ఉద్యోగం మానేశాక కూడా అవి వర్తిస్తాయేమో అడిగి, జవాబు మెయిల్‌లో తీసుకోండి.