ఉన్నదంతా ఊడ్చి ఇల్లు కొనకండి

ప్రశ్న: మాది శ్రీకాకుళం. మావారి వయసు 34. పైడిభీమవరంలో ఒక ఫార్మా కంపెనీలో చేస్తున్నారు. ఓటీ (ఓవర్‌టైమ్)తో కలిపి నెలకు రూ.58,000 చేతికొస్తుంది. నేను ప్రైవేటు స్కూల్లో టీచర్‌ని, రూ.12,000 ఇస్తారు. పిల్లలిద్దరూ చదువుకుంటున్నారు. అద్దె రూ.8,500. అది కాక ఇంటి ఖర్చు రూ.28,000 దాకా అవుతుంది. బలగ వైపు రూ.46 లక్షలకు ఒక ఇల్లు చూసి లక్ష అడ్వాన్సు ఇచ్చాం. బ్యాంకు రూ.36 లక్షలు 8.5 శాతం వడ్డీకి, 30 ఏళ్లకు ఇస్తానంది. ఈఎంఐ రూ.27,681. ఆ అడ్వాన్సుతో కలిపి మా దగ్గరున్నది రూ.9 లక్షలు. మార్జిన్ మనీ (బ్యాంకు ఇచ్చేది పోను మేం పెట్టుకోవాల్సింది), రిజిస్ట్రేషన్, చెక్కపని అన్నీ కలిపితే ఇంకో రూ.7 లక్షలు తక్కువ పడుతున్నాయి. నాలుగు లక్షలు నా బంగారం మీద, మూడు లక్షలు పర్సనల్ లోన్ తీసుకుందామని మావారు అంటున్నారు. అద్దె దండగ, ఈఎంఐ కడితే ఇల్లు మిగులుతుంది, పన్ను కూడా కలిసొస్తుంది, మరీ ఇబ్బందైతే ఉద్దానంలో మా మావగారి జీడితోట ఉంది అని ఆయన మాట. లోను 20 ఏళ్లకు పెట్టుకోవాలా, 30 ఏళ్లకా?

జవాబు: అమ్మా, మీరు గడువు గురించి అడిగారు. దానికీ చెబుతాను. కానీ మీ ఉత్తరం చదివాక నాకు ముందుగా కనబడింది వేరు. గృహప్రవేశం నాటికి మీ ఇంట్లో ఒక్క ఎఫ్‌డీ ఉండదు, బంగారం ఉండదు, మూడు చోట్ల అప్పు ఉంటుంది. శ్రీకాకుళం, విజయనగరం నుంచి వచ్చే ఇళ్ల ప్రశ్నల్లో ఈ వరసే ఎక్కువ కనిపిస్తోంది. భోగాపురం విమానాశ్రయం పేరు చెప్పి, ఇప్పుడు కొనకపోతే ఇక కొనలేరని తొందరపెట్టేవాళ్లు ఎక్కువయ్యారు. ఆ తొందరలో దాచుకున్నదంతా ఊడ్చి పెడుతున్నారు. మీ లెక్క ఇంత విడమరిచి రాయడం అందుకే.

ముందు నెలవారీ లెక్క చూడండి. ఇంటి లోను రూ.27,681. మూడు లక్షల పర్సనల్ లోను 14 శాతానికి, ఐదేళ్లకు తీసుకుంటే నెలకు దాదాపు రూ.6,980. బంగారం మీద నాలుగు లక్షలకు 10 శాతం చొప్పున వడ్డీయే రూ.3,333. మొత్తం దగ్గర దగ్గర రూ.38,000. ఇంటి ఖర్చు రూ.28,000 కలిపితే రూ.66,000. ఇద్దరి సంపాదనా కలిపి రూ.70,000. నెలకు నాలుగు వేలు మిగులుతాయి. అది కూడా ఓటీ ఉన్న నెలలో. బ్యాచ్‌లు తగ్గి ఓటీ ఆగిపోతే ఆ నాలుగు వేలు అక్కడే పోతాయి. చాలా ప్రైవేటు స్కూళ్లలో మే నెల జీతం ఇవ్వరు, మీ స్కూల్లో ఇస్తారో లేదో మీకే తెలుసు. ఇవ్వకపోతే ఆ నెల రూ.8,000 లోటు. సరిగ్గా ఆ వెంటనే జూన్‌లో ఫీజులు, పుస్తకాలు, యూనిఫారాలు. బంగారం మీద అసలు నాలుగు లక్షలు ఏడాది తిరిగేసరికి కట్టాలి. నెలకు నాలుగు వేలు మిగిలే ఇంట్లో అది ఎక్కడి నుంచి వస్తుంది? వడ్డీ కట్టి మళ్లీ తిరగరాయిస్తారు. మీ నగలు ఏళ్ల తరబడి అక్కడే ఉండిపోతాయి.

ఇప్పుడు 30 ఏళ్ల సంగతి. రూ.27,681 చొప్పున 360 నెలలు కడితే రూ.99.65 లక్షలు. తీసుకున్నది 36 లక్షలు, వడ్డీ 63.65 లక్షలు. ముప్పై ఏళ్ల తర్వాతి రూపాయి ఇప్పటి రూపాయి కాదన్నది నిజమే, ఆ మేరకు తగ్గించి చూసుకోండి. కానీ అసలు కరిగే తీరు చూస్తే ఆ ఓదార్పు నిలబడదు. మొదటి నెల మీరు కట్టే రూ.27,681లో రూ.25,500 వడ్డీకే పోతుంది, అసలుకు జమయ్యేది రూ.2,181. ఐదేళ్లలో రూ.16.6 లక్షలు కట్టాక కూడా అసలులో తగ్గేది రూ.1.62 లక్షలే. అసలు సగానికి రావడానికి దాదాపు 22 ఏళ్ల 9 నెలలు పడుతుంది. మీవారు 58 ఏళ్లకు రిటైరైతే ఆ రోజుకి ఇంకా రూ.15.57 లక్షలు బాకీ ఉంటుంది. పీఎఫ్ వచ్చేది ఆ బాకీ తీర్చడానికేనా? బ్యాంకును రీపేమెంట్ షెడ్యూల్ అడగండి. మొదటి పేజీలో అసలు, వడ్డీ గళ్లు రెండూ పక్కపక్కనే ఉంటాయి. ఇద్దరూ కూర్చుని ఆ పేజీ ఒక్కటి చదివితే, అద్దె దండగ అన్న మాట మీవారు మళ్లీ అనరు. నెలకు రూ.8,500 అద్దె మీకు దండగ అనిపిస్తే, నెలకు రూ.25,500 వడ్డీ ఏమవుతుంది?

అదే 36 లక్షలు 20 ఏళ్లకైతే ఈఎంఐ రూ.31,242, మొత్తం వడ్డీ 38.98 లక్షలు. నెలకు రూ.3,561 ఎక్కువ కడితే వడ్డీలో రూ.24.67 లక్షలు తగ్గుతుంది. మీ ప్రశ్నకు జవాబు ఇదే: 20 ఏళ్లు. ఆ రూ.3,561 కూడా కట్టలేని పరిస్థితి ఉంటే లోను పెద్దదైపోయిందని అర్థం. గడువు పెంచినంత మాత్రాన లోను చిన్నదైపోదు.

పైగా 8.5 శాతం 30 ఏళ్లూ అలాగే ఉండదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ (వడ్డీ మారుతూ ఉండే) ఇంటి లోన్లను రిపో రేటు (బ్యాంకులకు రిజర్వు బ్యాంకు అప్పిచ్చే వడ్డీ) లాంటి బయటి కొలమానానికి ముడిపెడుతున్నాయి. 2022 మే మొదట్లో 4 శాతం ఉన్న రిపో, 2023 ఫిబ్రవరికల్లా 6.5 శాతానికి చేరింది. 2025లో మళ్లీ తగ్గుతూ వచ్చింది. తగ్గినప్పుడు అందరం సంతోషిస్తాం. పెరిగితే మీ లోను ఏమవుతుందో చూడండి. కొత్తలోనే ఒక్క శాతం పెరిగి 9.5 అయిందనుకోండి, 36 లక్షల మీద నెల వడ్డీయే రూ.28,500. మీ ఈఎంఐ రూ.27,681. అంటే ఈఎంఐ మొత్తం కట్టినా వడ్డీకే చాలదు. 20 ఏళ్ల లోనుకైతే గడువు కొంత పొడిగించి సర్దుకోవచ్చు, మీకు పొడిగించడానికి గడువే మిగలదు. ఈఎంఐ రూ.30,271కి పెంచాల్సిందే. 2022లోలాగా రెండున్నర శాతం పెరిగితే రూ.34,284. నెలకు నాలుగు వేలు మిగిలే ఇంటి మీద అదనంగా రూ.6,600 పడితే ఎలా కడతారు?

ఇక్కడే నేను ఎప్పుడూ చెప్పే మాట, మళ్లీ చెబుతున్నాను. అత్యవసర నిధి లేకుండా ఇంటి లోను తీసుకోవద్దు. ఆరు నెలల ఇంటి ఖర్చు, ఆరు నెలల ఈఎంఐ విడిగా ఉండాలి. మీకైతే 20 ఏళ్ల ఈఎంఐ రూ.31,000, ఇంటి ఖర్చు రూ.28,000, కలిపి రూ.59,000. ఆరు నెలలకు రూ.3.54 లక్షలు. ఈ డబ్బు జీతం పడే ఖాతాలో ఉండకూడదు, చీటీలో ఉండకూడదు, బంగారంగా ఉండకూడదు. వేరే బ్యాంకులో ఎఫ్‌డీగా ఉండాలి, ఏ రోజు కావాలంటే ఆ రోజు తీసుకునేలా.

మీవారు తోట ఉంది కదా అంటున్నారు. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటింది. ఉద్దానంలో జీడి, కొబ్బరి తోటలు ఎలా నేలకూలాయో మీ మావగారిని అడిగితే నాకంటే బాగా చెబుతారు. చెట్టు పడితే కొత్త మొక్క కాపుకు రావడానికి ఏళ్లు పడుతుంది, బ్యాంకు ఒక్క నెల కూడా ఆగదు. తుపాను రాకపోయినా, ఏడాదికొకసారి చేతికొచ్చే జీడి డబ్బు మీద పెద్దవాళ్ల మందుల ఖర్చు, బతుకు ఖర్చు ముందే ఆధారపడి ఉంటాయి. వాళ్ల తోటను మీ అత్యవసర నిధిగా లెక్కేయడం వాళ్లకూ న్యాయం కాదు.

నిధి లేనివాళ్లు ఉద్యోగం పోయిన నెలలో ఏం చేస్తారో ఎన్నోసార్లు చూశాను. మొదటి ఈఎంఐ చేబదులు తెచ్చి కడతారు. రెండోది క్రెడిట్ కార్డు మీద. మూడో నెలకి తెలిసినవాళ్ల దగ్గర నూటికి రెండు రూపాయల వడ్డీకి నోటు రాస్తారు. రెండు రూపాయలంటే చిన్నగా వినిపిస్తుంది, ఏడాదికి అది 24 శాతం. 8.5 శాతం అప్పు కట్టడానికి 24 శాతం అప్పు. దయచేసి ఆ దారికి వెళ్లకండి. వాయిదా 90 రోజులు దాటితే ఖాతా మొండి బాకీ కింద పడుతుంది. ఆ తర్వాత 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు ఇచ్చి, ఇంటిని స్వాధీనం చేసుకునే అధికారం బ్యాంకుకు ఉంది. బంగారమైతే ఇంకా ముందే వేలానికి పోతుంది.

మార్జిన్ మనీ కోసం పర్సనల్ లోను తీసుకోవడమనే ఆలోచననే నేను ఒప్పుకోను. 30 లక్షలు దాటి 75 లక్షల లోపు లోనుకు, ఇంటి విలువలో 80 శాతానికి మించి బ్యాంకులు ఇవ్వకూడదని రిజర్వు బ్యాంకు పెట్టిన నియమం. మిగతాది మీ సొంత డబ్బై ఉండాలనే ఆ హద్దు. ఆ సొంత డబ్బు కూడా అప్పే అయితే ఇంట్లో మీ వాటా ఏముంది? మన రాష్ట్రంలో స్టాంపు, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి 7.5 శాతం, అంటే మీకు రూ.3.45 లక్షలు, లోనులో రావు. ఈ లెక్క అడ్వాన్సు ఇవ్వక ముందే వేసుకోవాల్సింది.

పన్ను గురించి ఒక్క మాట. కొత్త విధానంలో రూ.12 లక్షల దాకా ఆదాయానికి, జీతగాళ్లకైతే రూ.12.75 లక్షల దాకా 2025-26 నుంచి పన్నే లేదు. మీ ఇద్దరికీ పడని పన్ను ఇంటి లోనుతో ఎలా కలిసొస్తుంది?

శాంక్షన్ లెటర్‌తో పాటు లోను ఇన్సూరెన్స్ అని సింగిల్ ప్రీమియం (ఒకేసారి కట్టేది) ఒకటి అసలుకు కలిపి చూపిస్తుంటారు, జాగ్రత్త. ఉదాహరణకు రూ.1.2 లక్షలు అలా కలిపితే, 30 ఏళ్లలో దానికి మీరు కట్టేది రూ.3.32 లక్షలు. అది తప్పనిసరి కాదు, తీసేయమని రాతపూర్వకంగా అడగండి. బదులుగా మీవారి పేరున విడిగా టర్మ్ పాలసీ (ప్రాణానికి మాత్రమే బీమా) తీసుకోండి. ఇంటి కట్టడానికి కూడా బీమా చేయించండి, తుపాన్లొచ్చే జిల్లా మనది.

మరి ఏం చేయాలి? ఇల్లు వద్దని నేను అనడం లేదు. మీవారు వేసిన లెక్క ప్రకారం నెలకు రూ.38,000 కట్టగలమని కదా నమ్మకం. ఇప్పుడు కడుతున్న అద్దె రూ.8,500 తీసేస్తే రూ.29,500. వచ్చే నెల నుంచి జీతం పడిన రోజే ఆ రూ.29,500 ఆర్‌డీకి (నెలనెలా కట్టే రికరింగ్ డిపాజిట్‌కి) వెళ్లేలా పెట్టండి. ఓటీ లేని నెలలో, మే నెలలో, పండక్కి కూడా ఆపకుండా. రెండేళ్లలో వడ్డీ కాకుండానే రూ.7.08 లక్షలు. ఉన్న 9 లక్షలతో కలిపి 16 లక్షలు దాటుతుంది. అందులో అత్యవసర నిధికి మూడున్నర లక్షలు పక్కన పెడితే పన్నెండున్నర లక్షలు. ఆ డబ్బుతో రూ.36 లక్షల దాకా ఇల్లు చూసుకుని, 28 లక్షల లోను 20 ఏళ్లకు తీసుకుంటే ఈఎంఐ రూ.24,299. 46 లక్షల ఇల్లే కావాలంటే మూడేళ్లు ఆగండి, అప్పటికి మూడున్నర లక్షల నిధి పోను చేతిలో 16 లక్షలుంటాయి. పర్సనల్ లోను అక్కర్లేదు, మీ నగలు మీ దగ్గరే ఉంటాయి. ఈలోగా ధర పెరిగితే కొంచెం చిన్న ఇల్లు కొంటారు, అంతే. ఆరు నెలలు తిరక్కముందే ఆర్‌డీ ఆగిపోయిందంటే, ఆ ఈఎంఐ కూడా అలాగే ఆగేదని ఇల్లు పోకుండానే తెలిసిపోతుంది.

తర్వాత ఎప్పుడు లోను తీసుకున్నా, చేతిలో ఏ కాస్త మిగిలినా అసలుకు కట్టండి. వ్యక్తులకిచ్చే ఫ్లోటింగ్ ఇంటి లోనును ముందుగా తీర్చినందుకు జరిమానా వేయకూడదు. వడ్డీ రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా అన్నది మిమ్మల్ని అడగాలని 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు చెప్పింది. ప్రతిసారీ ఈఎంఐనే ఎంచుకోండి.

ఇక ఇచ్చిన అడ్వాన్సు. అగ్రిమెంటులో రద్దు గురించి ఏం రాసుందో ముందు చదవండి. ఇంటాయనతో నేరుగా మాట్లాడి, వేరే కొనుగోలుదారు దొరికాక తిరిగిస్తారేమో అడగండి. చాలామంది ఇస్తారు, కొంత కోసుకుని అయినా. మొత్తం పోయినా వెనకాడకండి. మీరు తీసుకోబోయే మూడు లక్షల పర్సనల్ లోను మీద ఐదేళ్లలో కట్టే వడ్డీయే రూ.1.19 లక్షలు, బంగారం మీద ఏడాదికి ఇంకో రూ.40,000. లక్ష పోతే మీ ఆర్‌డీ నాలుగు నెలలు ఎక్కువ కట్టాల్సి వస్తుంది.